హుస్ జాడలో: ప్రాగ్ నుంచి కొన్‌స్టాంజ్ దాకా

జూలై 4, ప్రాగ్

పాత పట్టణ కూడలిలోని ఖగోళ గడియారం గంట కొట్టడం చూడడానికి గుమిగూడిన జనం, ఆ వేడుక ముగియగానే కూడలి మధ్యకు సాగి, యాన్ హుస్ స్మారకం చుట్టూ ఉన్న రాతి అంచు మీద కూలబడతారు. అలసిన కాళ్ళకు అది మంచి తావే గాని, చెక్ దేశ చరిత్రలో ఇంతగా వాదోపవాదాలకు గురైన విగ్రహం మరొకటి లేదన్న సంగతి వారిలో ఎందరికి తెలుసో చెప్పలేను. చనిపోయేదాకా తాను కాథలిక్ మతగురువునేనని చెప్పుకున్న ఒక మధ్యయుగపు బోధకుడు, దాదాపు సగం మంది తమకు ఏ మతమూ లేదని 2021 జనగణనలో రాసుకున్న ఒక దేశానికి ప్రతీక ఎలా అయ్యాడన్నదే నేను ఈ యాత్రకు బయలుదేరడానికి కారణం.

హుస్ 1370 ప్రాంతంలో, నేటి చెక్ దేశంలో భాగమైన బొహీమియా దక్షిణాన, హుసినెత్స్ అనే ఊళ్ళో పుట్టాడు. ప్రాగ్ విశ్వవిద్యాలయంలో చదివి, అక్కడే బోధించి, 1400లో మతగురువై, ఇంగ్లండుకు చెందిన మత సంస్కర్త జాన్ విక్లిఫ్ భావాల ప్రభావంతో చర్చి సంపదనూ, గురువుల నడవడినీ బాహాటంగా విమర్శించాడు. జర్మన్ మత సంస్కర్త మార్టిన్ లూథర్ కన్నా నూరేళ్ళు ముందే ఆ మాటలన్నీ అన్నందుకు, 1415 జూలై 6న కొన్‌స్టాంజ్ నగరంలో ఆయనను సజీవంగా దహనం చేశారు.

లాదిస్లావ్ షలౌన్ మలచిన ఈ స్మారకంలో హుస్ ఒక్కడే లేడు. ఒకవైపు ఆయన మరణానంతరం పోరాడిన హుస్సైట్ యోధులు, అంటే ఆయన అనుచరులు, మరోవైపు రెండు శతాబ్దాల తర్వాత విశ్వాసం కోసం దేశం విడిచిన ప్రవాసులు, వారి చెంతనే పునరుజ్జీవానికి గుర్తుగా బిడ్డలతో ఉన్న తల్లి కనిపిస్తారు. వీరందరి నడుమ హుస్ నిటారుగా, సన్నగా, గడ్డంతో నిలబడి ఉంటాడు. నిజానికి ఆ కాలపు మతగురువులు గడ్డం గీసుకునేవారు. హుస్ కాస్త లావుగానే ఉండేవాడని చరిత్రకారులు భావిస్తారు. ఈ బక్కపలుచని, క్రీస్తును తలపించే రూపం తర్వాతి శతాబ్దాల చిత్రకారులు ఆయనకు తొడిగినది. పక్కనే ఉన్న పాత పురభవనంలో వాత్స్లావ్ బ్రోజిక్ 1883లో పూర్తిచేసిన పెద్ద తైలవర్ణచిత్రంలోనూ, తనకు శిక్ష వేసిన కొన్‌స్టాంజ్ చర్చి మహాసభ ఎదుట ఇదే రూపంలో ఉన్న హుస్‌ను చూశాను. పీఠం మీద చెక్కిన వాక్యం మాత్రం ఆయనదే. ఒకరినొకరు ప్రేమించండి, అందరికీ సత్యం దక్కాలని కోరుకోండి అని దాని భావం.

ఈ స్మారకానికి 1903లో శంకుస్థాపన జరిగింది. హుస్ మరణానికి 500 ఏళ్ళు నిండిన 1915 జూలై 6 నాటికి దాన్ని ఆవిష్కరించాలని ముందునుంచీ అనుకున్నదే గాని, అప్పటికి ఆస్ట్రియా-హంగరీ సామ్రాజ్యం యుద్ధంలో మునిగి ఉంది. చక్రవర్తి కాథలిక్. చెక్ ప్రజల విధేయత మీద రాజధాని వియన్నాకు అనుమానం. అధికారులు లాంఛనంగా ఉత్సవం జరపనివ్వలేదు. జనం మాట్లాడకుండా వచ్చి విగ్రహాన్ని పూలతో కప్పి వెళ్ళారు.

మూడేళ్ళు గడిచి సామ్రాజ్యం కూలిపోయి, 1918 అక్టోబరు 28న చెకోస్లొవేకియా గణతంత్రం ఏర్పడింది. ఆ తర్వాత వారం తిరగకుండానే, నవంబరు 3న, నగరం వెలుపలి బీలా హోరా గుట్ట దగ్గర సభ ముగించుకుని వచ్చిన గుంపు, ఇదే కూడలిలో 1650 నుంచి నిలిచి ఉన్న మరియమ్మ స్తంభాన్ని తాళ్ళు కట్టి పడగొట్టింది. 1620లో అదే గుట్ట మీద చెక్ ప్రొటెస్టెంట్లను ఓడించిన ఆస్ట్రియా హాబ్స్‌బర్గ్ రాజుల విజయచిహ్నంగా ఆ స్తంభాన్ని జనం భావించారు. అసలు దాన్ని కట్టింది స్వీడన్ సైన్యం నుంచి నగరం బయటపడినందుకు కృతజ్ఞతగా. కోపంలో ఉన్న గుంపుకు ఇంత తేడా ఎవరు చెప్పగలరు? స్తంభం నకలును 2020లో మళ్ళీ నిలబెట్టారు గనుక, హుస్, మరియమ్మ ఇప్పుడు పక్కపక్కనే ఉన్నారు. అప్పుడు కూడా నగరపాలక మండలిలో ఏళ్ళ తరబడి వాదాలు నడిచాయి. పురభవనం గోడవార నేల మీద పరిచిన 27 తెల్లని శిలువలు, బీలా హోరా ఓటమి తర్వాత 1621 జూన్ 21న ఇక్కడ ఉరికంబమెక్కిన, తలలు తెగిన 27 మంది తిరుగుబాటు నాయకులవి. ఆ కొద్దిపాటి జాగాలో ఒక్కొక్క రాయీ మరొక రాయికి జవాబు చెబుతున్నట్టే ఉంది.

జూలై 5, ప్రాగ్

కూడలి నుంచి ఇరుకు సందుల్లో నడిచి బెత్లెహేమ్ ప్రార్థనాలయానికి వెళ్ళాను. బయటినుంచి చూస్తే రెండు నిటారైన పైకప్పుల కింద ఉన్న పెద్ద కొట్టంలా ఉంటుందే గాని, చర్చి అనిపించదు. దాన్ని 1391లో స్థాపించిన వారి ఉద్దేశం కూడా అదే. అది చెక్ భాషలో బోధనలు వినిపించడానికి కట్టిన మందిరం. మూడు వేల మంది పట్టేటంత విశాలం. లోపల చూడవలసినది బలిపీఠం కాదు, బోధకుడి వేదిక. 1402 నుంచి దాదాపు పదేళ్ళు హుస్ నిలబడింది అక్కడే. మందిరం నడుమ ఒక బావి కూడా ఉంది. దాని చుట్టూ కట్టిన గట్టు మీద చేయి ఆనించి లోపలికి తొంగిచూశాను. ప్రార్థన జరిగేచోట బావి ఉండడం వింతగా అనిపించినా, మందిరం కట్టకముందునుంచీ ఆ వాడ జనం నీళ్ళు తోడుకున్న బావి అదేనని తెలిశాక, ఇది ఎవరి కోసం కట్టిన ఇల్లో అర్థమయింది. గోడల మీద హుస్ రాయించిన లాటిన్ వాక్యాల ముక్కలు అక్కడక్కడా మిగిలి ఉన్నాయి. గురువుల దోషాలను ఎండగట్టే ఆ మాటలను, బోధన వినడానికి వచ్చిన వారందరి కంటా పడేలా గోడకెక్కించాడు.

హుస్ జాతీయవాదా కాదా అన్న ప్రశ్న ఈ మందిరంలోనే మొదలవుతుంది. 1409 జనవరి 18న రాజు నాలుగో వాత్స్లావ్ కుత్నా హోరాలో ఒక ఆజ్ఞ జారీచేశాడు. అప్పటిదాకా విశ్వవిద్యాలయంలో చెక్, బవేరియన్, సాక్సన్, పోలిష్ అనే నాలుగు వర్గాలకు తలా ఒక ఓటు ఉండేది. ఆ ఆజ్ఞతో చెక్ వర్గానికి మూడు ఓట్లు, మిగతా మూడింటికీ కలిపి ఒకే ఓటు మిగిలింది. జర్మన్ ఆచార్యులూ విద్యార్థులూ పెద్ద సంఖ్యలో వలసపోగా, వారిలో కొందరితో అదే సంవత్సరం లైప్‌జిగ్ విశ్వవిద్యాలయం వెలసింది. ఆ మార్పును సమర్థించిన హుస్, ఆ ఏటే విశ్వవిద్యాలయ అధిపతి అయ్యాడు. ఫ్రాన్సులో ఫ్రెంచివారికీ, జర్మన్ల నేలలో జర్మన్లకూ ఉన్నట్టే, బొహీమియా పదవుల్లో చెక్‌లకు మొదటి స్థానం ఉండాలని ఆయన వాదించాడు. చెడ్డవాడైన సోదరుడి కన్నా మంచివాడైన జర్మన్‌నే ఎక్కువగా ప్రేమిస్తానన్నదీ ఆయనే. పంతొమ్మిదో శతాబ్దం వారు మొదటి మాటనే ఎక్కువగా గుర్తుపెట్టుకున్నారు. ఈ రెండు మాటలూ ఒక్క మనిషి నోటినుంచే వచ్చాయని ఒప్పుకుంటే తప్ప హుస్ మనకు చిక్కడని నా అభిప్రాయం.

1412లో పోపు పదవి కోసం పోటీపడుతున్న 23వ జాన్, తన యుద్ధానికి డబ్బు కూడగట్టడానికి ప్రాగ్‌లో పాప పరిహార పత్రాలు అమ్మించాడు. హుస్ వాటిని ఖండించాడు. చర్చిల్లోనే వాటికి ఎదురు పలికిన ముగ్గురు యువకుల తలలు నరికారు. జనం వారి దేహాలను ఈ మందిరానికే మోసుకొచ్చి ఖననం చేశారు. అమ్మకాల రాబడిలో వాటా ఉన్న రాజు అప్పటినుంచి హుస్‌కు దూరమయ్యాడు. హుస్ ఉన్నంతకాలం నగరంలో ఏ మతకర్మలూ జరగరాదన్న నిషేధం రావడంతో, జనాన్ని ఇబ్బంది పెట్టలేక, ఆ శరదృతువులో ఆయన ప్రాగ్ విడిచాడు.

ఈ కట్టడం వయసు గురించి ఒక మాట చెప్పాలి. అసలు ప్రార్థనాలయాన్ని 1786లో చాలావరకు పడగొట్టారు. పక్క ఇళ్ళలో కలిసిపోయి మిగిలిన పాత గోడలను వెలికితీసి, వాస్తుశిల్పి యారొస్లావ్ ఫ్రాగ్నర్ నేతృత్వంలో 1950 నుంచి 1954 వరకు దాన్ని తిరిగి నిర్మించింది కమ్యూనిస్టు ప్రభుత్వం. 1950 ఏప్రిల్‌లో ఆ ప్రభుత్వమే పోలీసులను పంపి దేశంలోని పురుషుల మఠాలను మూయించి, సన్యాసులను నిర్బంధించింది. హుస్సైట్ ఉద్యమ గీతాల మీద పరిశోధన చేసిన పండితుడు, మంత్రి అయిన జ్దెన్యెక్ నెయెద్లీ ఈ పునర్నిర్మాణానికి అండగా నిలిచాడు. ఆయన దృష్టిలో హుస్సైట్లు కమ్యూనిస్టులకు పూర్వీకులు. దేవుణ్ణి నమ్మని ప్రభుత్వం కట్టించిన ఈ దేవాలయం ఇప్పుడు చెక్ సాంకేతిక విశ్వవిద్యాలయం వారి ఉత్సవ మందిరంగానూ పనికొస్తోంది. పట్టా పుచ్చుకునే విద్యార్థులకు ఈ చరిత్ర అంతా ఎవరైనా చెబుతారో లేదో!

జూలై 6, ప్రాగ్

ఈ రోజు హుస్ దహన దినం, దేశమంతటా సెలవు. నిన్న కూడా సెలవే. అది స్లావులకు క్రైస్తవం బోధించిన సిరిల్, మెథోడియస్‌ల పేరిట. వరుసగా రెండు రోజులు సెలవులు రావడంతో నగరంవారు చాలామంది ఊళ్ళకు, తోట ఇళ్ళకు వెళ్ళిపోయారు. నేను ఉన్న వీధిలో పర్యాటకులు తప్ప మరొకరు కనిపించలేదు. బెత్లెహేమ్‌లో సంస్మరణ ప్రార్థనకు వచ్చినవారిలో పెద్దవయసు వారే ఎక్కువ.

ఇప్పుడింత నెమ్మదిగా సాగే ఈ దినం ఒకప్పుడు రెండు రాజ్యాల మధ్య తగవైంది. హుస్ దినాన్ని ప్రభుత్వం తొలిసారి అధికారికంగా జరిపిన 1925 జూలై 6న, పానపాత్ర గుర్తు ఉన్న హుస్సైట్ పతాకం ప్రాగ్ కోట మీద ఎగిరింది. అందుకు నిరసనగా పోపు రాయబారి మర్మాజ్జి నగరం విడిచి రోముకు వెళ్ళిపోయాడు. ఆ పానపాత్ర గురించి తెలుసుకోవలసినది ఒకటి ఉంది. ప్రభు భోజనంలో సామాన్యులకు రొట్టెతోపాటు ద్రాక్షారసమూ ఇవ్వాలన్నది హుస్సైట్ల ప్రధానమైన కోరిక. దాన్ని ప్రాగ్‌లో 1414లో ప్రారంభించింది హుస్ కాదు, ఆయన సహచరుడు, స్త్రీబ్రోకు చెందిన యాకౌబెక్. అప్పటికి హుస్ కొన్‌స్టాంజ్ వెళ్ళిపోయాడు. అక్కడినుంచే ఆమోదం తెలిపాడు. ఆయన పేరిట ప్రపంచమంతా ఎరిగిన గుర్తు, ఆయన మొదలుపెట్టినది కాదన్నమాట.

గణతంత్రానికి ఇంతటి పట్టుదల ఎందుకన్నదానికి జవాబు చరిత్రకారుడు ఫ్రాంతిషెక్ పలాత్స్కీ దగ్గర దొరుకుతుంది. జర్మన్‌లో 1836 నుంచి, చెక్‌లో 1848 నుంచి వెలువడిన తన చరిత్ర గ్రంథంలో, హుస్సైట్ యుగమే చెక్ చరిత్రకు శిఖరమని ఆయన రాశాడు. రాజ్యం లేని జాతికి చరిత్రే ఆస్తి. హాబ్స్‌బర్గుల పాలనలో రెండు వందల ఏళ్ళపాటు మతద్రోహిగా బోధింపబడిన మనిషి, ఆ పుస్తకంతో మళ్ళీ వీరుడయ్యాడు. ఆ తర్వాత టొమాష్ మసారిక్ దాన్ని మరో మెట్టు పైకి తీసుకెళ్ళాడు. హుస్ నుంచి, హుస్సైట్ల నుంచి పుట్టిన చెక్ సహోదరుల సంఘానికి, అక్కడినుంచి విద్యావేత్త కొమెన్‌స్కీకి, అక్కడినుంచి పంతొమ్మిదో శతాబ్దపు చెక్ జాతీయ పునరుజ్జీవానికి ఒక తెగని ధార చూపించి, మానవతే ఆ ధారకు సారమన్నాడు. ఆయన దేశానికి మొదటి అధ్యక్షుడైనప్పుడు, సత్యమే జయిస్తుందన్న హుస్సైట్ నినాదం అధ్యక్షుడి పతాకం మీదికి ఎక్కింది, ఈనాటికీ ఉంది. చరిత్రకారుడు యోసెఫ్ పెకార్జ్ దీన్ని ఒప్పుకోలేదు. చెక్ భాషను తిరిగి నిలబెట్టిన వారిలో ముందువరుసలో ఉన్న దోబ్రోవ్‌స్కీ కాథలిక్ మతగురువే కదా, అటువంటప్పుడు హుస్‌కూ పునరుజ్జీవానికీ నేరుగా గీత ఎలా గీస్తారన్నది పెకార్జ్ వర్గం వాదం. చరిత్రగా చూస్తే పెకార్జ్‌దే పైచేయి అనిపిస్తుంది. అయినా జనం మనసులో నిలిచింది మసారిక్ చెప్పిన కథ.

సాయంత్రం వీత్కోవ్ గుట్ట ఎక్కాను. 1420 జూలై 14న సిగిస్మండ్ రాజు క్రూసేడ్ (మతయుద్ధ) సైన్యాన్ని హుస్సైట్ సేనాని యాన్ జిజ్కా ఓడించినది ఇక్కడే. గుర్రం మీది జిజ్కా విగ్రహం బ్రహ్మాండంగా ఉంది. వెనుక ఉన్న స్మారక భవనంలో కమ్యూనిస్టు నేత గాట్వాల్డ్ శవాన్ని 1962 వరకు ప్రదర్శనకు ఉంచారు. చూడవలసినదే గాని, గుండెకు హత్తుకునే చోటు కాదు. తిరుగు దారిలో జాతీయ మ్యూజియం ముందు, నేల రాళ్ళలోంచి ఉబికి వచ్చినట్టున్న కంచు శిలువ దగ్గర ఎక్కువసేపు ఆగాను. సోవియట్ ఆక్రమణకు దేశం లొంగిపోతున్నదని 1969 జనవరి 16న యాన్ పలాఖ్ అనే విద్యార్థి నిప్పంటించుకున్న చోటు అది. అతని చర్యను హుస్ దహనంతో పోల్చి మాట్లాడుకోవడానికి చెక్‌లకు ఎవరూ నేర్పనక్కర్లేదు. ఇరవై ఏళ్ళ తర్వాత, కమ్యూనిస్టు పాలనను ఎదిరించిన రచయిత వాత్స్లావ్ హవెల్, సత్యమూ ప్రేమా అబద్ధాన్నీ ద్వేషాన్నీ జయించి తీరాలని అన్నప్పుడు కూడా, జనం చెవులకు అది కొత్త మాటగా తోచి ఉండదు.

జూలై 7, తాబోర్

ప్రాగ్ నుంచి రైల్లో గంటన్నర లోపే తాబోర్. బైబిలులోని కొండ పేరుతో 1420 వసంతంలో హుస్సైట్లలోని తీవ్రవాదులు కట్టుకున్న ఊరు ఇది. వచ్చినవారు తమ సొత్తు తెచ్చి ఉమ్మడి తొట్లలో వేయాలని, అక్కడ నాది నీది అన్నది ఉండదని నియమం. అది కొద్ది నెలలకే సడలిపోయింది. కూడలి నుంచి దిగే సందులు ఎటుపడితే అటు మెలికలు తిరుగుతాయి. శత్రువును దారి తప్పించడానికే అలా వేశారని స్థానికులు ముచ్చటగా చెబుతారు. నేను మాత్రం శత్రువును కాకపోయినా రెండుసార్లు తిరిగి అదే బేకరీ ముందుకు వచ్చాను.

కూడలిలో 1884 నాటి జిజ్కా విగ్రహం, దాని వెనుక చర్చి ఉన్నాయి. అది ఈనాడు కాథలిక్ చర్చే. పాత పురభవనంలోని హుస్సైట్ మ్యూజియంలో యుద్ధపు బండి నమూనా దగ్గర నిలబడితే, రైతులు ఐరోపా గుర్రపు దళాలను ఎలా ఆపగలిగారో తెలుస్తుంది. బండ్లను గొలుసులతో కట్టి కోటగా నిలబెట్టి, పలకల సందుల్లోంచి తుపాకులూ విల్లులూ పేల్చి, శత్రువు అలసిన తరువాత నూర్పిడి కర్రలతో బయటికి దూకేవారు. 1420కి 1431కి మధ్య వచ్చిన క్రూసేడ్లన్నీ ఇలాగే విఫలమయ్యాయి. 1434 మే 30న లిపానీ దగ్గర తాబోర్ సైన్యాన్ని చివరికి ఓడించినది విదేశీయులు కాదు, రోముతో రాజీకి సిద్ధపడిన తోటి హుస్సైట్లూ, వారితో కలిసిన కాథలిక్కులూ. సినిమాలూ విగ్రహాలూ ఈ అంతర్యుద్ధం సంగతి తక్కువగా చెబుతాయి. మఠాలు తగలబెట్టిన, ఖైదీలను చంపిన వైనాలూ అంతే. మ్యూజియంలో ఉన్న పెద్దాయన నాతో జర్మన్‌లో అన్నాడు, తన కుటుంబంలో చర్చికి వెళ్ళేవారు ఎవరూ లేరట. హుస్ గురించి అడిగితే మాత్రం, ఆయన మావాడు అని వెంటనే జవాబిచ్చాడు.

జూలై 8, కోజీ హ్రాదెక్

తాబోర్ దగ్గరి అడవిలో ఒక చిన్న కోట శిథిలం. పునాదులు, మోకాలెత్తు గోడలు తప్ప మిగిలింది లేదు. ప్రాగ్ వదిలిన హుస్ కొంతకాలం ఇక్కడే తలదాచుకున్నాడు. చర్చి అంటే పోపూ కార్డినళ్ళూ కాదని వాదించిన లాటిన్ గ్రంథాన్ని ఆ అజ్ఞాత కాలంలోనే ముగించాడు. చెక్ భాషలోనూ ధారాళంగా రాశాడు. చుట్టుపక్కల రైతులకు ఆరుబయట బోధించాడు. చెక్ అక్షరాలపై చుక్కలూ గీతలూ పెట్టే లిపి సంస్కరణను కూడా సంప్రదాయం ఆయనకే ఆపాదిస్తుంది. కచ్చితంగా ఆయనదేనా అన్నది పండితుల వాదం. ఏది ఏమైనా, పట్నంలోని మందిరం నుంచి పల్లె మైదానానికి మారడం వల్ల ఆయన భాష తేలికయింది, వినేవారు పెరిగారు. తాబోర్ నిర్మాతలు పుట్టింది ఈ ప్రాంతపు శ్రోతల్లోంచే.

జూలై 10, కొన్‌స్టాంజ్

నిన్నంతా రైళ్ళు మారడంతోనే గడిచింది. సరస్సు ఒడ్డున ఉన్న ఈ జర్మన్ నగరంలో, ముగ్గురు పోపులు ఒకరినొకరు వెలివేసుకుంటున్న కాలంలో, 1414 నుంచి 1418 దాకా చర్చి మహాసభ జరిగింది. చీలికను తొలగించి ఒక్క పోపును ఎన్నుకోవడం దాని ఘనకార్యం. హుస్ ఇక్కడికి రక్షణ పత్రం ఇస్తానన్న సిగిస్మండ్ మాట నమ్మి, తనంతట తాను 1414 నవంబరు 3న వచ్చాడు. ఆ నెల 28న పట్టుబడ్డాడు. కొద్దిరోజులకు ఆయనను బంధించిన దొమినికన్ మఠం ఇప్పుడు ఖరీదైన హోటల్. కథీడ్రల్‌లో తీర్పు చెప్పి, గురువు వస్త్రాలు ఒక్కొక్కటిగా ఒలిచి, దయ్యాల బొమ్మలున్న కాగితపు టోపీ తలకు పెట్టారు. తాను ఎన్నడూ పట్టని అభిప్రాయాలను విడిచిపెడుతున్నానని అబద్ధమాడలేనన్నది ఆయన చివరిదాకా చెప్పిన మాట. అవశేషాలను ఎవరూ పూజించకుండా బూడిదను రైన్ నదిలో కలిపారు.

హుస్ పేరు పెట్టిన వీధిలోని మ్యూజియం ఉన్న ఇల్లు 1923 నుంచి ప్రాగ్‌కు చెందిన ఒక సంఘానిదే. అక్కడినుంచి కొంతదూరం నడిస్తే, ఇళ్ళ మధ్య, తీగలు అల్లుకున్న పెద్ద బండరాయి వస్తుంది. దహనం జరిగిందని భావించే చోట 1862లో దాన్ని పెట్టారు. హుస్ మరణించిన మరుసటి ఏడాది ఇక్కడే కాలిపోయిన ఆయన మిత్రుడు జెరోమ్ పేరు కూడా దాని మీద ఉంది. రెండవ జాన్ పాల్ పోపు 1999 డిసెంబరులో, హుస్ క్రూర మరణానికి తీవ్రంగా విచారిస్తున్నామని ప్రకటించాడు. ఆ విచారం చెక్ కాథలిక్కులకు ఊరట. మిగిలినవారికి అంతగా పట్టలేదు.

హుస్‌ను జాతీయ ప్రతీకగా చేసింది పంతొమ్మిదో శతాబ్దమేనని అనుకుంటూ వచ్చిన నాకు, మ్యూజియంలో చదివిన ఒక సంగతి కొత్త దారి చూపింది. దహనం జరిగిన రెండు నెలలకే, 1415 సెప్టెంబరులో, బొహీమియా, పక్కనున్న మొరావియాల ప్రభువులు 452 మంది కలిసి మహాసభకు నిరసన లేఖ పంపారు. హుస్ నిర్దోషి అన్నది అందులో ఒక భాగం మాత్రమే. ఆయనను మతద్రోహి అనడం వల్ల తమ రాజ్యానికీ ప్రజలకూ మచ్చ వచ్చిందన్నది వారి అసలు ఫిర్యాదు. వంద ముద్రలున్న ఒక ప్రతి ఎడిన్‌బరా విశ్వవిద్యాలయంలో నేటికీ ఉంది. మహాసభ 1416 ఫిబ్రవరిలో ఆ 452 మందినీ కొన్‌స్టాంజ్‌కు వచ్చి సంజాయిషీ చెప్పుకోమని తాఖీదు పంపింది. ఒక్కరూ వెళ్ళలేదు.